పదకొండో దిక్కు చెప్పే యూనివర్సిటీ ఎక్కడుంది?

ఈ నెల ఉత్తరాల్లో సగానికి పైగా ఒకే సంగతి మీద వచ్చాయి. వేరే డైమెన్షన్ల గురించి మాత్రమే చదువు చెప్పే యూనివర్సిటీ ఏదో విదేశాల్లో ఉందని ఒక వీడియో ఫోన్లలో తిరుగుతోంది. పాత రాతి భవనం, పొగమంచు, నల్ల గౌన్లు, వెనకాల గంట మోత. నాకే ముగ్గురు పంపారు. సరే, మామిడి తెగుళ్ళు, కరెంటు బిల్లులు వచ్చే నెలకి. ఈసారి అంతా ఇదే.

ప్రశ్న: మా మరిది ఆ వీడియో కింద ఉన్న నంబరుకి 4,999 రూపాయలు కట్టి "ఇతర డైమెన్షన్ల శాస్త్రం" సర్టిఫికెట్ కోర్సులో చేరాడు. ఇంకో 30 వేలు కడితే డిగ్రీ ఇస్తారట. ఇది నిజం యూనివర్సిటీయేనా? — ఒక గృహిణి, ఏలూరు

కాదమ్మా. ఆ 30 వేలు మాత్రం కట్టనివ్వకండి. మన దేశంలో డిగ్రీ ఇచ్చే హక్కు ఎవరికి ఉందో 1956 నాటి యూజీసీ చట్టంలోని 22వ సెక్షన్ చెబుతుంది: పార్లమెంటో రాష్ట్ర శాసనసభో చేసిన చట్టంతో ఏర్పడ్డ యూనివర్సిటీ అయ్యుండాలి, లేదా డీమ్డ్ యూనివర్సిటీ కావాలి, లేదంటే పార్లమెంటు ప్రత్యేకంగా ఆ అధికారం ఇచ్చిన సంస్థ కావాలి. వాట్సాప్ నంబరు ఇందులో దేని కిందకీ రాదు. నకిలీ యూనివర్సిటీల జాబితాని యూజీసీ తన వెబ్‌సైట్‌లో పెడుతుంది, కానీ అందులో పేరు లేదు కాబట్టి మంచిదే అనుకోకండి, నిన్న పుట్టినవాటి పేర్లు అందులో ఎలా ఉంటాయి? పోయిన డబ్బు కోసం సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయమనండి, ఎంత తొందరగా చేస్తే అంత మంచిది. మీ మరిదిని తిట్టకండి పాపం. ఆ కుతూహలం మంచిదే, చూపించిన చోటే తప్పు.

ప్రశ్న: డైమెన్షన్ అంటే ఇంకో లోకమే కదండీ. మన పెద్దలు పద్నాలుగు లోకాలు ఎప్పుడో చెప్పారు. ఇప్పుడు వీళ్ళు కొత్తగా కనిపెట్టింది ఏముంది? — ఒక పాఠకుడు, తెనాలి

ఇక్కడే అందరూ పప్పులో కాలేస్తున్నారు, ఆ వీడియో చేసినవాడితో సహా. డైమెన్షన్ అంటే లోకం కాదు, చోటు కాదు. కదలడానికి ఉన్న దారి. నిజానికి దీన్ని చెప్పడానికి మనకి ఇంగ్లీషు కంటే మంచి మాటే ఉంది, దిక్కు. దశదిశలు అంటాం కదా, అవి ఎలా వచ్చాయో లెక్కేయండి. తూర్పు పడమరలు ఒక గీత. ఉత్తర దక్షిణాలు దానికి అడ్డంగా ఇంకో గీత. ఈశాన్యం, ఆగ్నేయం లాంటి నాలుగు మూలలూ ఈ రెండింటి కలగలుపే, వాటిలో కొత్తదనం ఏమీ లేదు. ఇక పైన, కింద కలిసి మూడో గీత. పది దిక్కులూ మూడు గీతల్లో ఇమిడిపోయాయి. అందుకే మనది త్రిమితీయం అని లెక్కల పుస్తకం చెబుతుంది. నాలుగో డైమెన్షన్ అంటే ఈ మూడు గీతలకీ లంబంగా నిలబడే ఇంకో గీత, అంటే పదకొండో దిక్కు, దానికి ఎదురుగా పన్నెండోది. అటు వేలు పెట్టి చూపించడం మన వల్ల కాదు.

ఇప్పుడు అతలం, వితలం, సుతలం, తలాతలం, మహాతలం, రసాతలం, పాతాళం చూడండి. భాగవతం పంచమ స్కంధంలో ఇవి ఒకదాని కింద ఒకటి పదేసి వేల యోజనాల ఎడంలో ఉంటాయని కొలత వేసి చెప్పారు. "కింద" అన్నారు, "ఇంత దూరం" అన్నారు. అంటే అవి మన పదో దిక్కులోనే ఉన్నాయి, అపార్ట్‌మెంట్ అంతస్తుల్లాగ. ఆ ఊహ గొప్పదే, కానీ అది వేరే ఊహ. దాన్ని తీసుకొచ్చి దీనికి అతికిస్తే రెండూ పాడవుతాయి.

మన పత్రికలది కూడా కొంత పాపం ఉందిలెండి. డైమెన్షన్ అనే మాటకి "కేసులో కొత్త కోణం" అని రోజూ రాస్తాం, స్కూల్లో "పరిమాణం" అని చెబుతాం, పరిమాణం అంటే సైజు అని కూడా అర్థం. పిల్లలు ఏమనుకోవాలి?

ప్రశ్న: నాలుగో డైమెన్షన్ అంటే కాలమేగా? ఐన్‌స్టీన్ చెప్పింది అదేగా? — బీటెక్ విద్యార్థి, వరంగల్

కాలాన్ని నాలుగో డైమెన్షన్‌గా కలిపి లెక్క కట్టే పద్ధతిని 1908లో గట్టిగా నిలబెట్టింది మింకోవ్‌స్కీ, ఒకప్పుడు ఐన్‌స్టీన్‌కి పాఠం చెప్పిన లెక్కల మాస్టారే. అయితే కాలంలో వెనక్కి నడవలేం, కాబట్టి అది పూర్తిగా దిక్కు లాంటిది కాదు. ఈ శీర్షికలో మనం మాట్లాడుకునేది నడవగలిగే దిక్కు గురించి.

ప్రశ్న: ఏ యూనివర్సిటీ కూడా ఇలాంటి దాన్ని ఎప్పుడూ పట్టించుకోలేదా? నలభై ఏళ్ళు లెక్కలు చెప్పాను, ఒక్కటైనా ఉండి ఉంటే బాగుండు అనిపిస్తుంది. — రిటైర్డ్ ఉపాధ్యాయుడు, జనగామ

పట్టించుకున్నాయి మాస్టారూ, ఒకచోట మాత్రం పరువు కూడా పోయింది. జర్మనీలో లైప్‌జిగ్ యూనివర్సిటీ. అక్కడ జోల్‌నర్ అని ఖగోళ భౌతిక శాస్త్ర ప్రొఫెసర్ ఉండేవాడు, నక్షత్రాల వెలుగుని కొలిచే పరికరం చేసిన మనిషి, తన పనిలో దిట్ట. ఆయనకి ఒక లెక్క నచ్చేసింది: మన మూడు డైమెన్షన్లలో తాడు రెండు కొసలూ కట్టేశాక మధ్యలో ముడి వేయలేం, ఉన్న ముడి విప్పలేం. నాలుగోది ఉంటే సులువుగా వేయొచ్చు, విప్పొచ్చు. లెక్క నూటికి నూరు పాళ్ళు నిజం. మరి ఎవరైనా అలా ముడి వేసి చూపిస్తే?

1877 డిసెంబరులో హెన్రీ స్లేడ్ అనే అమెరికన్ వచ్చాడు, ఆత్మలతో మాట్లాడిస్తానని చెప్పుకునేవాడు. అంతకు ముందు ఏడాదే లండన్ కోర్టు అతన్ని మోసగాడని తేల్చి శిక్ష వేసింది, అప్పీలులో సాంకేతిక కారణంతో బయటపడ్డాడు. జోల్‌నర్ తాడు కొసలు కలిపి లక్కతో సీలు వేసి బల్ల మీద పెట్టాడు. కాసేపటికి అందులో నాలుగు ముడులు! ఆయన పొంగిపోయాడు. ఆ కూర్చున్నవాళ్ళలో వెబర్, ఫెక్నర్ లాంటి మహామహ శాస్త్రవేత్తలు ఉన్నారు. అదే ఊళ్ళో మనస్తత్వ శాస్త్రం చెప్పే వుంట్ కూడా ఒకసారి కూర్చుని, ఇదంతా గారడీ అని అనుమానపడ్డాడు. తర్వాత జోల్‌నర్ రెండు వేరు వేరు చెక్కలతో చేసిన ఉంగరాలు ఇచ్చి, వీటిని విరగ్గొట్టకుండా ఒకదాంట్లో ఒకటి దూర్చమని అడిగాడు. చూడండి, అసలు పరీక్ష అదీ. దూరితే ఇక ఎవరూ నోరెత్తలేరు. అవి దూరలేదు, వెళ్ళి ఒక చిన్న బల్ల కాలికి చేరాయి. అడిగింది ఒకటి, ఇచ్చింది ఒకటి. దానికి కూడా ఆయన ఆశ్చర్యపోయాడు తప్ప అనుమానపడలేదు. 1882లో పోయేదాకా ఆ నమ్మకం వదల్లేదు.

ఇంకోటి అమెరికాలో పెన్సిల్వేనియా యూనివర్సిటీ. సైబర్ట్ అనే ధనవంతుడు ఈ ఆత్మల సంగతి తేల్చమని డబ్బు రాసిచ్చి పోయాడు. యూనివర్సిటీ ఒక కమిషన్ వేసింది, వాళ్ళు స్లేడ్‌ని కూడా పిలిచి చూశారు, వాళ్ళ కార్యదర్శి లైప్‌జిగ్ దాకా వెళ్ళి జోల్‌నర్‌తో కూర్చున్నవాళ్ళని వాకబు చేసి వచ్చాడు. 1887లో రిపోర్టు ఇచ్చారు: అంతా కనికట్టే. డబ్బిచ్చినవాడి నమ్మకానికి ఎదురుగా రిపోర్టు రాయడానికి ధైర్యం కావాలి, ఆ ఒక్క పనికి ఆ యూనివర్సిటీకి దండం పెట్టొచ్చు.

ప్రశ్న: నేను టెన్త్ తప్పాను, బ్లౌజులు కుడతాను. నాకు ఇది అర్థమవుతుందా, లేక చదువుకున్నవాళ్ళకేనా? — ఒక సోదరి, నిజామాబాద్

అమ్మా, ఈ నెల ఉత్తరాల్లో నాకు నచ్చింది మీదే. మీకు అర్థమైనంత బాగా చాలామంది ఇంజనీర్లకి అర్థం కాదు, ఎందుకంటే చదునుగా ఉన్న బట్టని ముక్కలు కత్తిరించి ఒళ్ళు పట్టే ఆకారం తేవడం మీ రోజూ పని. రెండు డైమెన్షన్ల నుంచి మూడులోకి వెళ్ళడం అంటే అదే. మీకో కథ చెబుతాను, నిజం కథ.

1860లో ఐర్లండ్‌లోని కార్క్‌లో అలీషియా బూల్ అని పుట్టింది. తండ్రి జార్జ్ బూల్, ఈ రోజు కంప్యూటర్లు పనిచేసే తర్కం ఆయన పేరు మీదే ఉంది. అమ్మాయికి నాలుగేళ్ళప్పుడు ఆయన పోయాడు. తల్లి మేరీ ఎవరో తెలుసా, ఎవరెస్ట్ శిఖరానికి ఎవరి పేరు పెట్టారో ఆ జార్జ్ ఎవరెస్ట్ ఆవిడకి పెదనాన్న. ఆ పెదనాన్న పడుచువయసులో హైదరాబాద్ వచ్చి లాంబ్టన్ అనే సర్వే అధికారి దగ్గర పనికి చేరి, కృష్ణా గోదావరుల మధ్య అడవుల్లో కొలతలు తీస్తూ జ్వరంతో మంచాన పడ్డాడు. మన దోమలు కూడా చరిత్రలో ఉన్నాయన్నమాట.

అయిదుగురు ఆడపిల్లలు, తండ్రి లేడు, అలీషియా యూనివర్సిటీ గడప తొక్కలేదు. పెద్దక్క మొగుడు చార్లెస్ హింటన్, అదో రకం మనిషి. (నాలుగు డైమెన్షన్ల ఘనానికి "టెసెరాక్ట్" అని 1888లో పేరు పెట్టింది ఆయనే. భార్య ఉండగానే ఇంకో పెళ్ళి చేసుకుని 1886లో మూడు రోజులు జైల్లో కూర్చుందీ ఆయనే. ఉద్యోగం పోయి జపాన్, అక్కడి నుంచి అమెరికా వెళ్ళి, బేస్‌బాల్ బంతులు విసరడానికి మందుగుండుతో పేలే యంత్రం కూడా చేశాడు. బావగార్లలో ఇలాంటివాళ్ళు ఒకరుంటారు.) ఆయన చిన్న చిన్న చెక్క ఘనాల పెట్టె ఒకటి తెచ్చి, ఒక్కో దానికీ ఒక పేరు పెట్టి కంఠస్థం చేయిస్తూ, వీటిని మనసులో ఇలా పేర్చు, అలా పేర్చు అని మరదళ్ళతో ఆడించేవాడు. అప్పుడు అలీషియాకి సుమారు పద్ధెనిమిదేళ్ళు. మిగతావాళ్ళకి ఆట అయింది, ఈమెకి మాత్రం కనిపించడం మొదలైంది.

ఎలా కనిపించింది? సబ్బుబిళ్ళని ఘనంగా, అంటే అన్ని వైపులా ఒకే కొలతతో చెక్కారనుకోండి. దాన్ని ఒక మూల నుంచి ఎదురు మూల వైపు పలచగా కోస్తూ పోతే మొదట చిన్న త్రిభుజం, అది పెరిగి సరిగ్గా మధ్యలో ఆరు భుజాల ముక్క, మళ్ళీ త్రిభుజం. కోసి చూడండి, అబద్ధమైతే ఉత్తరం రాయండి. కాగితం మీద మాత్రమే బతికే చీమకి ఆ ముక్కల వరుస చూపిస్తే సబ్బుబిళ్ళ ఏంటో ఊహించగలదు. అలాగే నాలుగు డైమెన్షన్ల వస్తువుని కోస్తే పడే ముక్క పలకగా ఉండదు, మన చేతిలో పట్టుకునే గట్టి దిమ్మలాగ ఉంటుంది. టెసెరాక్ట్‌ని మూల నుంచి కోస్తే సరిగ్గా మధ్యలో ఎనిమిది త్రిభుజాల దిమ్మ పడుతుంది. అలీషియా ఈ దిమ్మల్ని అట్టతో కత్తిరించి, రంగులు వేసి అతికించుకుంది. పెళ్ళైంది, ఇన్సూరెన్సు లెక్కలు కట్టే స్టాట్ అనే ఆయనతో, ఇద్దరు పిల్లలు, డబ్బుకి ఇబ్బంది. ఇంటి పని మధ్యలోనే అట్టముక్కలు.

మూడు డైమెన్షన్లలో గుంటలు లేకుండా, భుజాలూ కోణాలూ సమానమైన ఒకే రకం ముఖాలతో, ప్రతి మూలా ఒకేలా ఉండే ఆకారాలు అయిదే. నాలుగులో ఆరు ఉంటాయని ఆమె సొంతంగా తేల్చుకుంది. ష్లాఫ్లీ అనే స్విస్ ఆయన ముందే కనిపెట్టాడని ఆమెకి తెలియదు. (అయిదు డైమెన్షన్ల నుంచి ఎంత పైకి పోయినా మూడే. ఎందుకు నాలుగులోనే అంత పుష్కలం అంటే దానికో పెద్ద లెక్క ఉంది, వదిలేద్దాం.) హాలండ్‌లో గ్రోనింగెన్ యూనివర్సిటీ ప్రొఫెసర్ స్హౌటె ఇదే పని చేస్తున్నాడని ఆమె భర్త చూసి చెప్పాడు. ఈమె తన అట్టబొమ్మల ఫొటోలు పంపింది. ఆయన లెక్కలు కట్టి రాబట్టినవి ఈమె కంటితో చూసి చేసినవి సరిపోయాయి. ఆయన వేసవి సెలవులకి ఇంగ్లండ్ వచ్చి మరీ ఆమెతో కలిసి పనిచేశాడు. 1914లో గ్రోనింగెన్ యూనివర్సిటీ ఆమెకి గౌరవ డాక్టరేట్ ఇచ్చింది.

కాబట్టి చెల్లెమ్మా, సర్టిఫికెట్ లేదని బెంగ వద్దు. కత్తెర మీ దగ్గర ఉంది.

ప్రశ్న: తాళం వేసిన బీరువాలోంచి నగలు పోయాయి. పోలీసులకి ఆధారం దొరకలేదు. వేరే డైమెన్షన్ నుంచి తీశారని మా ఇంట్లో ఒకరు అంటున్నారు. — పేరు వద్దు, గుంటూరు

లెక్క ప్రకారం పదకొండో దిక్కు తెలిసినవాడు తీయగలడు. చీమ చుట్టూ సుద్దతో గీత గీస్తే చీమ దాటదు, మీరు మాత్రం గీత ముట్టకుండా పైనుంచి స్పూనుతో ఎత్తేస్తారు, అలాగే. అయితే అంతటివాడు మీ బీరువా దాకా రావడం ఎందుకు, బ్యాంకు లాకర్లు ఉన్నాయిగా. రెండో తాళంచెవి ఎవరి దగ్గర ఉందో ముందు చూడండి. ఆ మాట అంటున్నవాళ్ళని కూడా.

ప్రశ్న: మా అబ్బాయి సియాటిల్‌లో ఉద్యోగం. అక్కడి యూనివర్సిటీలో అదనపు డైమెన్షన్లు కొలుస్తారని చెప్పాడు. నేను నమ్మలేదు. — ఒక తండ్రి, భీమవరం

నమ్మండి, ఇది మాత్రం నిజం. కథ 1919లో మొదలు. అప్పటి జర్మనీలోని కోనిగ్స్‌బెర్గ్‌లో చిరుద్యోగిగా పాఠాలు చెప్పే కలూజా, ఇంకో డైమెన్షన్ కలిపి ఐన్‌స్టీన్ సమీకరణాలు రాస్తే గురుత్వాకర్షణ, విద్యుదయస్కాంతం రెండూ ఒకే దాంట్లోంచి వస్తాయని ఐన్‌స్టీన్‌కే ఉత్తరం రాశాడు. అది అచ్చయ్యేసరికి 1921. మరి ఆ డైమెన్షన్ కనపడదేం అంటే, 1926లో ఆస్కార్ క్లైన్ అనే భౌతిక శాస్త్రవేత్త జవాబు చెప్పాడు, అది చుట్టుకుపోయి ఉందని. ఎదురు డాబా మీది నుంచి చూస్తే మీ దండెం తాడు ఒట్టి గీత. దాని మీద చీమకి మాత్రం పొడుగే కాదు, చుట్టూ తిరిగే దారి కూడా ఉంది.

ఎంత చిన్నగా చుట్టుకుంది? క్లైన్ లెక్కలో అది ఏ యంత్రానికీ అందనంత చిన్నది. కానీ 1998లో అర్కానీ-హమేద్, దిమోపౌలోస్, ద్వాలీ అనే ముగ్గురు భౌతిక శాస్త్రవేత్తలు కలిసి, మిల్లీమీటరు దాకా కూడా ఉండొచ్చు, మనం చూడలేదంతే అన్నారు. గురుత్వాకర్షణ మిగతా బలాల కంటే ఎందుకంత బక్కచిక్కి ఉందో చెప్పడానికి ఆ మాట. అప్పుడు కొలవడానికి దారి దొరికింది. దూరం సగం చేస్తే ఆకర్షణ నాలుగు రెట్లు కావాలి, మన మూడు డైమెన్షన్ల ధర్మం అది. ఇంకోటి ఉంటే, దాని సైజు కంటే దగ్గరికి వెళ్ళాక ఎనిమిది రెట్లు అవుతుంది. సియాటిల్‌లోని వాషింగ్టన్ యూనివర్సిటీ వాళ్ళు సన్నటి తీగకి పళ్ళెం వేలాడదీసి, కింద ఇంకో పళ్ళెం తిప్పుతూ, పైది ఎంత మెలిక తిరుగుతుందో చూస్తారు. 2020 నాటికి 52 మైక్రోమీటర్ల దాకా, అంటే మిల్లీమీటరులో ఇరవయ్యో వంతు దాకా వెళ్ళారు. నాలుగు రెట్లే. ఎనిమిది కనపడలేదు. జెనీవా దగ్గర కణాలని ఢీకొట్టించి చూసే సెర్న్ ప్రయోగశాలలో కూడా వెతికారు, దొరకలేదు.

ఏళ్ళ తరబడి వెతికి "లేదు" అని ఇంత జాగ్రత్తగా రాసేవాళ్ళు ఒకవైపు, 4,999కి "ఉంది" అని అమ్మేవాళ్ళు ఇంకోవైపు.

ప్రశ్న: మా అమ్మాయి ఎంపీసీ రెండో ఏడాది. ఇదే చదువుతానంటుంది. ఎక్కడ చేర్చాలి? టెన్షన్‌గా ఉంది. — ఒక తల్లి, కరీంనగర్

డైమెన్షన్ల కోర్సు అని ఎక్కడా ఉండదమ్మా, ఫిజిక్స్ లేదా మ్యాథ్స్ అనే ఉంటుంది. ఐసర్ తిరుపతిలో చేరొచ్చు, దానికి వేరే ప్రవేశ పరీక్ష ఉంది. హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీ ఉంది, మంచి డిగ్రీ కాలేజీలో బీఎస్సీ చేసి ఆ తర్వాత జామ్, జెస్ట్ లాంటి పరీక్షలు రాసే దారి ఉంది. పైచదువుకి ముంబై టీఐఎఫ్ఆర్, బెంగళూరు ఐసీటీఎస్, చెన్నై మ్యాథమెటికల్ సైన్సెస్ ఇన్‌స్టిట్యూట్, ప్రయాగ్‌రాజ్ హరీశ్ చంద్ర ఇన్‌స్టిట్యూట్. పదార్థమంతా సన్నటి తీగల కంపనమే అంటూ పది డైమెన్షన్లు కావాలనే స్ట్రింగ్ థియరీలో ప్రపంచం గుర్తించిన అశోక్ సేన్ తన పేరు తెచ్చుకున్న పని చాలాభాగం ఈ దేశంలో కూర్చునే చేశారు. పీహెచ్‌డీలో స్టైపెండ్ వస్తుంది, మీరు ఎదురు కట్టక్కర్లేదు. ఉద్యోగం సంగతి మాత్రం దాచను, ప్రొఫెసర్ పోస్టులు తక్కువ, ముప్పై దాటినా చదువుతూనే ఉంటుంది. పెళ్ళి చూపులకి వచ్చినవాళ్ళు ఏం చదువుతోందని అడిగితే మీకు చెప్పడం కష్టం కావచ్చు.

ప్రశ్న: మీకే అలాంటి యూనివర్సిటీ పెట్టమని స్థలం ఇస్తే? — ఒక అభిమాని, అనకాపల్లి

స్థలం ఇస్తే ముందు కోర్టు కేసులు లేవని చూసుకుంటాను. తర్వాత, మొదటి ఏడాది పుస్తకాలు ఉండవు. చెక్క ఘనాలు, అట్ట, కత్తెర, సబ్బుబిళ్ళలు. నిజామాబాద్ సోదరి లాంటివాళ్ళు పాఠం చెబుతారు. రెండో ఏడాది ఒక్క ముడి, దాన్ని పదకొండో దిక్కులో ఎలా విప్పాలో కాగితం మీద తేల్చాలి. మూడో ఏడాది మేజిక్ చేసేవాళ్ళని తెచ్చి పెడతాను, వాళ్ళు మోసం చేస్తుంటే పట్టుకున్నవాడే పాస్. జోల్‌నర్‌కి కొరవడింది ఆ పేపరే. మెస్‌లో ఎడమ చెప్పు ఒక్కటే మిగిలినవాళ్ళకి ఓదార్పు విభాగం ఉంటుంది: పదకొండో దిక్కులోంచి ఒకసారి తిప్పి తెస్తే ఎడమ చెప్పు కుడి చెప్పు అవుతుందని మోబియస్ అనే జర్మన్ లెక్కల పండితుడు 1827లోనే గమనించాడు, దేవుడి గుడి ముందు ఈ విద్యకి మంచి గిరాకీ.

ప్రశ్న: నేను ఏడో తరగతి. సైన్స్ ఫెయిర్‌కి టెసెరాక్ట్ చెయ్యొచ్చా? — ఒక విద్యార్థి, కడప

చెయ్యొచ్చు నాన్నా. అట్టపెట్టె విప్పితే ఆరు చదరాలు శిలువలాగ పరుచుకుంటాయి కదా, అలాగే టెసెరాక్ట్‌ని విప్పితే ఎనిమిది ఘనాలు వస్తాయి. ఎనిమిది సమానమైన పెట్టెలు చెయ్. నాలుగింటిని ఒకదాని మీద ఒకటి నిలువుగా అతికించు. పైనుంచి రెండో దానికి నాలుగు పక్కలా తలొకటి అతికించు. అంతే, ఎనిమిది. ఘనాన్ని విప్పడానికి 11 రకాలున్నాయి, దీన్ని విప్పడానికి 261, నువ్వు చేసింది అందులో ఒకటి. పక్కన చార్టు మీద రాసి పెట్టు: మూలలు 16, అంచులు 32, చదరాలు 24, ఘనాలు 8. మడిచాక ఏ ముఖం ఏ ముఖానికి అతుక్కుంటుందో ఆ జతలకి ఒకే రంగు వెయ్, ఇది కష్టం, రెండు రోజులు పడుతుంది, అమ్మని అడగొద్దు నువ్వే వెయ్. జడ్జి గారు "మరి మడిచి చూపించు" అంటే మడవలేమని భయపడకుండా చెప్పి, ఆ రంగులు చూపించు.